గడ్డపు తొండకు చల్లని మూల

పశువైద్యంలోకి కొత్తగా వచ్చే పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తుంటారు. "మేడం, ఇన్నేళ్ళ సర్వీసులో ఏం చూశారో కూర్చుని చెప్పండి" అంటారు. కూర్చోవడమే నాకు చేతకాదు. రిటైరైన తర్వాత వారం తిరక్కముందే హన్మకొండలో మా ఇంటి ముందు గదిని క్లినిక్‌గా మార్చింది కూడా అందుకే. చేతులకు పని లేకపోతే నాకు ఊపిరాడదు. ఇది కూడా నాలుగు వాక్యాలు రాసి లేచి, వరండాలో ఒక చుట్టు తిరిగి, మళ్ళీ వచ్చి రాస్తున్నాను. అక్కడక్కడా అతుకులు కనిపిస్తే అర్థం చేసుకోండి.

ప్రమోషన్ల గురించి రాయను. ఏ ఆఫీసులో ఏ ఫైలు ఎందుకు ఆగిందో కూడా రాయను. అవి మీకు చేరిన మొదటి నెలలోనే తెలిసిపోతాయి. నేను ఉద్యోగమంతా బర్రెలతో, ఆవులతో, మేకలతో, కోళ్ళతో గడిపాను. కాన్పు కష్టమైన బర్రె పక్కన మోకాళ్ళ లోతు బురదలో పడుకున్నాను. అయినా ఈ పని అంటే ఏమిటో నాకు బాగా అర్థమైంది ఒక తొండ దగ్గర. నవ్వకండి. నేనూ మొదట నవ్వాను.

బల్బు కింద కోడిపిల్లలు

తొండ దగ్గరికి వచ్చేముందు వీరయ్య సారు గురించి చెప్పాలి. నా మొదటి పోస్టింగు పరకాల వైపు ఒక పల్లెలో. నా పై అధికారి డాక్టర్ వీరయ్య. పొట్టి మనిషి, ఎప్పుడూ బుష్‌షర్టు జేబులో రెండు సిరంజీలు. మాట తక్కువ.

ఆ చలికాలం ఒక రైతు పరుగెత్తుకుంటూ వచ్చాడు. షెడ్డులో కొత్తగా దించిన కోడిపిల్లలు వరుసగా చచ్చిపోతున్నాయన్నాడు. నేను మందుల సంచి నిండా సర్దుకుని బయలుదేరాను. షెడ్డు దగ్గరికి పోగానే సారు గడప మీదే గొంతుక్కూర్చున్నారు. నన్ను లోపలికి పోనివ్వలేదు.

"సంచి కింద వెట్టు. మొదలు సూడు."

"ఏం చూడాలి సార్?"

"పిల్లలు ఏడ నిలబడ్డయో సూడు."

చూశాను. గుండ్రంగా కట్టిన రేకు లోపల నడుమ బల్బులు వేలాడుతున్నాయి. పిల్లలన్నీ బల్బులకు దూరంగా, రేకు అంచుకు అతుక్కుని, ముక్కులు తెరిచి రొప్పుతున్నాయి. చలికి చచ్చిపోతాయేమోనని భయపడి ఆ రైతు ఉన్న బల్బులకు తోడు ఇంకో నాలుగు కట్టాడు. చలికి కాదు, వేడికి చచ్చిపోతున్నాయి. సారు లేచి బల్బులు కొన్ని తీయించారు, మిగిలినవి పైకి కట్టించారు. మేం టీ తాగి వచ్చేలోపు పిల్లలు రేకు లోపలంతా పరుచుకుని గింజలు ఏరుకుంటున్నాయి. నా సంచిలో ఒక్క సీసా కూడా విప్పలేదు.

"చలి వెడితే బల్బు కిందికి గుంపైతయి. కాక ఎక్కువైతే అంచుకు ఉరుకుతయి. సరిపోతే అంతట తిరుగుతయి. గంతే," అన్నారు సారు దారిలో. ఆ రోజంతా ఆయన మాట్లాడింది దాదాపు అంతే.

తర్వాత నాకు ఇంకో అధికారి వచ్చారు. చాలా చదువుకున్న మనిషి, మర్యాదస్తుడు. కాని పశువు ఉన్న చోటికి ఎప్పుడూ పోలేదు. పశువునే ఆయన బల్ల దగ్గరికి తోలుకు రావాలి. రాసిన మందులు తప్పు కావు. పశువులు మాత్రం మళ్ళీ మళ్ళీ అదే జబ్బుతో వచ్చేవి, ఎందుకంటే అవి తిరిగి అదే కొట్టంలోకి పోయేవి. ఈ ఇద్దరిలో ఎవరిలా ఉండాలో మీరు మొదటి ఏడాదిలోనే నిర్ణయించుకోవాల్సి వస్తుంది. తర్వాత అలవాటు మారదు.

తాత తింట లేడు

రిటైరైన తర్వాత నా దగ్గరికి వచ్చేవాళ్ళు మారిపోయారు. మడికొండ వైపు కొత్త ఇళ్ళు లేచాయి. పిల్లులు, ఖరీదైన కుక్కలు, చిలకలు, నేను పాఠాల్లో ఒక్క పేజీ కూడా చదవని జంతువులు వరుసగా రావడం మొదలైంది. తాబేలును చూడమని ఒకాయన పట్టుకొస్తే ఏం చేయాలో తోచక హైదరాబాద్‌లో ఇలాంటి వాటిని చూసే నిఖిత అనే డాక్టరుకు ఫోన్ చేశాను. నా కూతురి వయసు కూడా ఉండదు. విసుక్కోకుండా చెప్పింది. అప్పటినుంచి తెలియనిది ఏదొచ్చినా ఆమెనే అడుగుతాను. చిన్నవాళ్ళను అడగడానికి సిగ్గుపడితే మన సిగ్గుకు జంతువు బలైపోతుంది.

ఒక డిసెంబరు ఉదయం మా చర్చి కోయిర్‌లో పాడే సునీత ఫోన్ చేసింది. కాజీపేట రైల్వే క్వార్టర్లలో ఉంటుంది. భర్త ప్రభాకర్ లోకో పైలట్, రైలు నడుపుతాడు.

"ఆంటీ, తాత తింట లేడు. కడుపు మీద కాలింది. పొద్దంత నోరు తెరిచే ఉంటాండు."

"అయ్యో బిడ్డా! దవాఖానకు తీస్కపోవాలె గని నాకు ఫోన్ జేస్తవేంది? నేను బర్ల డాక్టర్ను గద!"

"తాత అంటే మనిషి కాదాంటీ. మా ఆయన పెంచుకునే తొండ."

అప్పుడే నవ్వాను. అవతల సునీత నవ్వలేదు. "నవ్వకుండ్రి ఆంటీ. గది పోతే మా ఆయన ఏమైతడో నాకు తెల్వది."

మధ్యాహ్నం ఇద్దరూ వచ్చారు. చెప్పుల డబ్బాలో తువాలు పరిచి, దాని మీద పడుకోబెట్టి తెచ్చారు. బియర్డెడ్ డ్రాగన్ అంటారు దాన్ని. ఆస్ట్రేలియా ఎడారి జంతువు. మన తొండకు దూరపు చుట్టం అనుకోండి. మూరెడు పొడవు, ఇసుక రంగు, దవడ కింద ముళ్ళ ముళ్ళుగా గడ్డంలాంటి చర్మం. ఆ గడ్డం చూసే దాన్ని తాత అని పిలుచుకుంటున్నారు.

కళ్ళు లోపలికి పోయాయి. చర్మం పట్టి వదిలితే ముడత అలాగే నిలబడుతోంది, అంటే ఒంట్లో నీళ్ళు లేవు. తిప్పి చూస్తే కడుపు కింద గోధుమ రంగులో కాలిన మచ్చ, అంచుల్లో పొక్కులు. వేలితో మెల్లగా దవడ నొక్కితే రబ్బరులా వంగింది. కాలి వేళ్ళు సన్నగా వణుకుతున్నాయి. ఎముకల్లో కాల్షియం కరిగిపోతున్నదానికి గుర్తు అది.

నేను చూస్తున్నంతసేపూ ప్రభాకర్ ఒక్కచోట నిలబడలేదు. తలుపు దాకా పోతాడు, వస్తాడు, డబ్బాలో చెయ్యి పెట్టి ముట్టుకుంటాడు, మళ్ళీ తలుపు దాకా పోతాడు. నలభై దాటిన బలమైన మనిషి. గడ్డం పెరిగింది. కళ్ళు చూస్తే నిద్ర లేదని తెలుస్తోంది.

"ఎక్కడ ఉంచుతున్నవు దీన్ని?" అని అడిగాను.

"అద్దాల డబ్బల మేడం. కింద కరెంటు హీట్ ప్యాడ్ ఉంది. మీద రెండు పెద్ద బల్బులు. వేడి బయటికి పోకుంట చెద్దరు కప్పుతాన. రాత్రి పగలు బల్బులు ఆపుత లేను."

"చల్లగా ఉండే చోటు ఏమన్నా ఉందా అందులో?"

"లేదు మేడం!" నేను తిట్టినట్టు చూశాడు. "ఒక్క నిమిషం గూడ సల్లగ కానియ్య. సల్లగైతే సచ్చిపోతది."

"ఎండ తగులుతదా?"

"కిటికీ పక్కకే వెట్టిన. అద్దంల నుంచి మస్తు ఎండ వస్తది."

"తిండి?"

"పాలకూర. ఇగ మా ఊరికి పోయినప్పుడు పత్తి చేన్లకెళ్ళి మిడతలు పట్టుకొస్త."

చెప్పిన ప్రతిదీ ప్రేమతో చేసిందే. చెప్పిన ప్రతిదీ దాన్ని చంపుతోంది.

ఇక్కడ కాస్త పాఠం చెప్తాను, ఓపిక పట్టండి. ఈ జంతువు తన ఒంట్లో తాను వేడి పుట్టించుకోలేదు. ఎడారిలో పొద్దున రాయి మీదికెక్కి వేడెక్కుతుంది, ఎక్కువైతే నీడకు పోతుంది, మళ్ళీ వస్తుంది. కాబట్టి దానికి వేడి ఒక్కటే ఇస్తే సరిపోదు. డబ్బాలో ఒక మూల బల్బు కింద నలభై డిగ్రీల దగ్గర ఉండాలి, రెండో మూల ఇరవై అయిదు, ఇరవై ఆరులో ఉండాలి. ఎక్కడ ఎంతసేపు ఉండాలో దానికే తెలుసు. రాత్రి వెలుతురు ఉండకూడదు, మన గదిలో ఉండే చలికి ఆరోగ్యంగా ఉన్న జంతువుకు ఏమీ కాదు. కింద ప్యాడ్ పెడితే కడుపు కాలుతున్న సంగతి దానికి తొందరగా తెలియదు, ఎందుకంటే దానికి ఎండ పైనుంచి రావడమే తెలుసు. అద్దంలోంచి వచ్చే ఎండలో వెచ్చదనం వస్తుంది కాని ఎముకలకు కావలసిన కిరణాలు అద్దం దగ్గరే ఆగిపోతాయి. దానికి ప్రత్యేకంగా ఆ కిరణాలిచ్చే యూవీబీ ట్యూబు కావాలి, లేదంటే నీడ కూడా ఉన్న చోట పొద్దుటి ఎండలో మనం పక్కనే ఉండి బయట తిప్పాలి. పాలకూర కాల్షియాన్ని ఒంటికి పట్టనివ్వదు. మునగాకు, గుమ్మడికాయ తురుము మంచివి. ఇక మన పత్తి చేలలో మిడత అంటే పురుగుమందు మూట.

అన్నీ చెప్పాను. చర్మం కిందికి నీళ్ళు ఎక్కించాను, నోట్లో కాల్షియం చుక్కలు వేశాను, కాలిన చోట పూత రాశాను. నిఖితకు ఫోన్ చేసి మోతాదులు సరిచూసుకున్నాను. ఆమె అంతా విని, "మేడం, ఒకసారి ఆ డబ్బా చూసి రండి" అంది. వీరయ్య సారు చనిపోయి చాలా కాలమైంది. ఆ మాట ఆయన గొంతులో విన్నట్టే అనిపించింది. అయినా ఆ రోజే పోలేదు. అన్నీ వివరంగా చెప్పాను కదా, చేస్తారులే అనుకున్నాను.

క్వార్టర్లో

రోజులు గడుస్తున్నాయి, తాత తినడం లేదు. వంట చేస్తుంటే గుర్తొస్తుంది, గిన్నె దించేసి ఫోన్ చేస్తాను. సునీత అదే మాట చెబుతుంది: "గట్లనే ఉన్నడు ఆంటీ." బర్రె అయితే అరుస్తుంది, కుక్క అయితే మూలుగుతుంది. ఇది నొప్పి ఉన్నా లేకున్నా ఒకేలా చూస్తుంది. మందు సరైనదే, మోతాదు సరైనదే. మరి ఎందుకు తేరుకోవడం లేదు? ఇంట్లో ఉండలేక ఆటో ఎక్కి కాజీపేట పోయాను.

పడకగదిలో కిటికీ పక్కన డబ్బా. హీట్ ప్యాడ్ తీసేశాడు, నిజమే. కాని దాని బదులు వేడినీళ్ళ సీసాలు రెండు తాతకు చెరో పక్కన పెట్టాడు. పైన బల్బులు రెండూ వెలుగుతున్నాయి. వాటి మీద దుప్పటి. లోపల చెయ్యి పెడితే అన్నం వార్చేటప్పుడు ముఖానికి కొట్టే ఆవిరిలా ఉంది. తాత డబ్బా అంచుకు ముక్కు ఆనించి, నోరు తెరిచి, అద్దాన్ని ముందరి కాలితో గీరుతున్నాడు. కోడిపిల్లలు రేకు అంచుకు అతుక్కున్నట్టే.

నాకు కోపం ఆగలేదు. "ప్రభాకర్! నువ్వు దీన్ని కాపాడుత లేవు. ఉడకవెడుతున్నవు!"

అతను గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. సునీత వంటింటి తలుపు దగ్గర బిగుసుకుపోయింది. దూరంగా ఏదో బండి కూత వేసింది. ఆ ఇంట్లో రోజంతా ఆ కూతలే. ప్రభాకర్ భుజాలు ఒక్కసారి బిగిశాయి. నాకు అప్పుడు గుర్తొచ్చింది, ఈ మనిషి చాలా రోజులుగా డ్యూటీకి పోవడం లేదని చర్చిలో ఎవరో అనుకున్నారు. బండి కింద ఎవరో పడ్డారని, అందుకే సెలవులో ఉన్నాడని.

అతను గోడతోనే మాట్లాడుతున్నట్టు చెప్పడం మొదలుపెట్టాడు.

"మంచు వడ్డది మేడం ఆ రోజు. ముంగట ఏం కనవడుత లేదు. దగ్గరికచ్చినంక కనవడ్డడు. బ్రేకు ఏసిన. ఆగదు కద మేడం, అంత బండి ఎట్ల ఆగుతది. అసిస్టెంటు దిగుత అన్నడు. వద్దు నేనే పోత అని దిగిన."

అరచేతిని చొక్కాకు తుడుచుకున్నాడు.

"పాణం ఉన్నదో లేదో అని చెయ్యి పట్టిన. వేడిగనే ఉండె మేడం. నా చెయ్యి లెక్కనే ఉండె. ఎవరన్న వస్తరని పట్టుకొనే కూసున్న. పట్టుకొని ఉంటెనే... సల్లవడుకుంట వచ్చింది. నా చేతులనే సల్లగైంది."

సునీత నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఆ మాట ఆమె కూడా అప్పుడే వింటోందని ఆమె ముఖం చూస్తే తెలిసింది. ఇన్నాళ్ళూ ఆయన ఇంట్లో ఎవరికీ చెప్పలేదు.

"సికింద్రాబాద్ పోయినప్పుడు దీన్ని దుకాన్ల చూసిన మేడం. ఊకె కూసుంటది. దేనికీ గావర వడదు. దీన్ని చూస్తుంటె జర నిమ్మలమైతది. గందుకే తెచ్చుకున్న. పొద్దున దీని మీద చెయ్యి వెడితె సల్లగ తగిలితె నాకు పిచ్చి లేస్తది మేడం. ఎన్ని బల్బులు వెట్టిన సాలదు."

నిజం చెబుతాను. ఆ క్షణం నాకు అక్కడినుంచి వెళ్ళిపోవాలనిపించింది. నేను చదివింది పశువుల వైద్యం. మనిషి మనసుకు ఏ మందు రాయాలో నాకు తెలియదు. ఓదార్పు మాటలు నోటిదాకా వచ్చాయి, అన్నీ పనికిరానివే. మీకూ ఇలాంటి రోజు వస్తుంది. జంతువును తెచ్చిన మనిషి జంతువు కన్నా ఎక్కువ నలిగి ఉంటాడు. అప్పుడు తెలియని వైద్యం చేయబోకండి. అలాగని సంచి తీసుకుని పారిపోకండి. మీకు తెలిసిన పని ఒకటి ఉంటుంది, అది చేయండి.

నాకు తెలిసిన పని చేశాను. "కుర్చీలు తేపో బిడ్డా," అన్నాను సునీతతో. "ప్రభాకర్, ఇటు రా. డబ్బ దించుదాం."

ఊరికే చూడడం

అతను రైలు మనిషి, చేతులు పనిలో పడితే చకచకా సాగాయి. డబ్బాను పడకగది కిటికీ నుంచి ముందుగదిలోకి మార్చాం. సీసాలు తీశాం, దుప్పటి తీసి సునీత చేతిలో పెట్టాం. ఒక బల్బు ఆపేసి, రెండోది ఒక మూలకు జరిపి, దాని కింద పెరట్లో పడి ఉన్న నాపరాయి ముక్క కడిగి పెట్టాం. నిఖిత చెప్పిన ట్యూబు అప్పటికే కొరియర్‌లో వచ్చి అట్టపెట్టెలోనే ఉంది. దాన్ని అద్దం అడ్డం లేకుండా వేడి వైపే బిగించాడు. రెండో మూలలో ఆ ట్యూబు వచ్చిన అట్టపెట్టెనే కోసి గూడులా పెట్టాం. తాతను గోరువెచ్చని నీళ్ళ తొట్టిలో కాసేపు ఉంచి, తుడిచి, డబ్బా నడుమ వదిలాం.

"ఇగ ముట్టుకోవద్దు," అన్నాను. "నువ్వు, నేను గిక్కడ కూసుంటం. ఏం చెయ్యం. చూస్తం."

"సల్లదిక్కు పోతె?"

"పోనీ."

"ఆడనే ఉంటె?"

"నేను ఉన్న గద."

కూర్చున్నాం. తాత కదల్లేదు. ప్రభాకర్ లేచాడు. కూర్చోమన్నాను. కూర్చున్నాడు. కాసేపటికి నేనే లేచి డబ్బా వైపు వంగాను.

"మీరు గూడ కూసోండ్రి మేడం," అన్నాడు. సునీత పక్కన ఉండి నవ్వు ఆపుకోలేకపోయింది. ఆ ఇంట్లో ఆ పూట వినిపించిన మొదటి నవ్వు అదే.

తాత ముందుకాలు ఒకటి ఎత్తి, ఆలోచిస్తున్నట్టు గాలిలో ఉంచి, దించాడు. ఒళ్ళు ఈడ్చుకుంటూ రాయి మీదికెక్కాడు. పొట్ట వెడల్పు చేసుకుని, కళ్ళు సగం మూసుకుని వేడి తీసుకున్నాడు. ప్రభాకర్ ఊపిరి వదిలాడు. ఆ ఊరట ఎక్కువసేపు నిలవలేదు. కాసేపయ్యాక తాత నోరు కొంచెం తెరిచి, రాయి దిగి, నెమ్మదిగా అట్టపెట్టె వైపు నడవడం మొదలుపెట్టాడు. లోపలికి పోయి, గడ్డం నేలకు ఆనించి, కళ్ళు మూసుకున్నాడు.

"సల్లదిక్కు పోయిండు మేడం." ప్రభాకర్ సగం లేచాడు. చెయ్యి డబ్బా మీదికి చాచాడు.

నిజానికి నాకూ భయంగానే ఉంది. బలహీనపడ్డ జంతువు. అది మళ్ళీ లేవకపోతే ఈ మనిషికి నేనేం చెప్పాలి? నా సలహా మీదే ఇది జరిగింది కదా. చీర కొంగు వేలికి చుట్టుకుంటూ విప్పుకుంటూ ఉన్నాను. అతని చెయ్యి అలాగే గాలిలో ఉంది. తర్వాత మెల్లగా వెనక్కి తీసుకుని రెండు మోకాళ్ళ మధ్య ఇరికించుకున్నాడు.

సునీత టీ తెచ్చింది. ఎవరమూ తాగలేదు. మీగడ కట్టింది. బయట బళ్ళు పోతూనే ఉన్నాయి. కూత వినిపించిన ప్రతిసారీ అతని దవడ బిగుస్తోంది, అయినా కళ్ళు అట్టపెట్టె మీదినుంచి తిప్పలేదు.

అట్టపెట్టెలో ఏదో గీరిన చప్పుడు. ముందు ముక్కు బయటికి వచ్చింది. తర్వాత తల. తాత ఒక కన్ను తెరిచి మావైపు చూసి, ఎవరితోనూ పని లేనట్టు, వచ్చిన దారినే నడుచుకుంటూ మళ్ళీ రాయి మీదికెక్కాడు.

"వచ్చిండు," అన్నాడు ప్రభాకర్. "మేడం, ఎవ్వరు తీస్కరాలే. ఆయనంతల ఆయనే వచ్చిండు."

"అవును."

"సల్లగయ్యి గూడ మల్ల వచ్చిండు."

ఆ తర్వాత అతను రెండు చేతుల్లో ముఖం పెట్టుకుని ఏడ్చాడు. సునీత పోయి అతని పక్కన నేల మీద కూర్చుంది. నేను తొండను చూస్తూ ఉండిపోయాను. నా పని అదే కదా.

ఆ తర్వాత

ఒక్క పూటతో అన్నీ సర్దుకున్నాయనుకోకండి. ఎముకల జబ్బు నెలల మీద కుదురుతుంది. మరుసటి వారమంతా నేను పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి ఫోన్ చేశాను. పట్టుపురుగులు పెంచే ఒక రైతు దగ్గర అడిగి మెత్తటి పురుగులు తెప్పించాం. కాల్షియం పొడి అద్ది తాత ముందు పెడితే మొదటి రెండు రోజులు చూసి ఊరుకున్నాడు. మూడో రోజు నాలుక చాచి టక్కున అందుకున్నాడట. సునీత ఫోన్‌లో అరిచిన అరుపుకు మా వీధి కుక్క మొరిగింది. కడుపు మీది మచ్చ మానింది, పొలుసులు మాత్రం అక్కడ వేరే రంగులో వచ్చాయి. కింది దవడ కొంచెం వంకరగా గట్టిపడింది. అది అలాగే ఉంటుంది. ఇంకాస్త ముందు ఆ డబ్బా చూసి ఉంటే అంత కూడా ఉండేది కాదేమో.

ప్రభాకర్ విషయం నేను రాయగలిగింది కొంచెమే. డబ్బా దగ్గర ఏడ్చిన రోజే అతనితో సూటిగా చెప్పాను: "గిది నేను జేసే వైద్యం కాదు తమ్మీ. దీనికి డాక్టర్లున్నరు. నువ్వు తాతను నా దగ్గరికి ఎట్ల తెచ్చినవో, నువ్వు గూడ గట్ల పో." కోపం తెచ్చుకున్నాడు. నాకేమైంది అన్నాడు. పోలేదు. సునీత చాలాసార్లు అడిగాక, పొమ్మనడం మాని "నేనొస్త, ఇద్దరం పోదాం" అన్నాక పోయాడు. ఇప్పటికీ బండి నడపడం లేదు, ఆఫీసులో కూర్చునే పని ఇచ్చారు. కొన్ని రోజులు బాగుంటాడు. కొన్ని రోజులు సునీత ఫోన్‌లో గొంతు తగ్గించి మాట్లాడుతుంది.

ఎండాకాలం వచ్చింది. మన వరంగల్ ఎండలు మీకు తెలుసు. గదే పొయ్యిలా మారుతుంది. ఆ రోజుల్లో బల్బు ఆపేయాలి, కూలర్ గాలి నేరుగా తగలకుండా గది చల్లబరచాలి, నీళ్ళు చిలకరించాలి. ఇవన్నీ చెబుదామని నేను కంగారుగా ఫోన్ చేస్తే ప్రభాకర్ ముందే అన్నీ చేసి కూర్చున్నాడు. "ఆయన ఏ దిక్కు పంటే ఆ దిక్కు మంచిదన్నట్టు మేడం. అంచుకు పోతె వేడి తగ్గిస్తాన" అన్నాడు. వీరయ్య సారు సంగతి నేను అతనికి ఎప్పుడూ చెప్పలేదు. చూసీ చూసీ తనే పట్టుకున్నాడు.

మళ్ళీ డిసెంబరు

మళ్ళీ చలికాలం. ఒక ఉదయం ప్రభాకర్ నుంచి ఫోన్.

"మేడం, తాత పండుకున్నడు. నిన్నటి సంది లేస్త లేడు. సల్లదిక్కు అట్టడబ్బలకు పోయి ముడుసుకున్నడు. ముట్టుకుంటె సల్లగున్నడు."

ఈ జంతువులు ఆరోగ్యంగా ఉంటే చలికాలంలో వారాల తరబడి పడుకుంటాయి. తినవు, కదలవు. అది జబ్బు కాదు. కాని జబ్బుతో ఉన్నది కూడా అలాగే పడుకుంటుంది. తేడా తెలియాలంటే ముందే మలం పరీక్ష చేయించాలి, బరువు చూస్తూ ఉండాలి.

"కాంట మీద వెట్టినవా?"

"వెట్టిన. తగ్గలే. పోయిన నెల మీరు జేసిన పరీక్షల గూడ పురుగులు లేవన్నరు కద."

"కండ్లు?"

"మంచిగున్నయి. లోపలికి పోలే."

"మరి బల్బు వెట్టినవా? లేపినవా?"



"లేపలే మేడం. బల్బు బంద్ చేసిన. పండుకోనీ అనుకున్న."

సరే మంచిదన్నాను. ఫోన్ పెట్టేశాను. అన్నం కలుపుకున్నాను, తినబుద్ధి కాలేదు. అతను చెప్పింది అంతా సరిగ్గానే ఉంది. అయినా అతను చూడలేకపోయింది ఏదైనా ఉంటే? పొట్ట కింద చూశాడో లేదో. దుప్పటి కప్పి నాకు చెప్పలేదేమో. ముట్టుకున్నప్పుడు చల్లగా తగిలితే అతనికేమైందో. చెయ్యి కడుక్కుని, సంచి భుజాన వేసుకుని, ఆటోవాడిని తొందర పెడుతూ కాజీపేట పోయాను.

తలుపు కొట్టబోతుంటే సునీతే తీసింది. పెదవుల మీద వేలు పెట్టుకుంది.

"మెల్లగ ఆంటీ. పండుకున్నరు."

"ఎవరు?"

"ఇద్దరు."

ఆమె భుజం మీదుగా చూశాను. ముందుగదిలో డబ్బా మీద ఏ దుప్పటీ లేదు. బల్బు ఆరిపోయి ఉంది. అట్టపెట్టెలోంచి తాత తోక కొస మాత్రం కనిపిస్తోంది. డబ్బా పక్కన నేల మీద చాప పరుచుకుని ప్రభాకర్ పడుకున్నాడు. మిట్టమధ్యాహ్నం. నోరు కొంచెం తెరిచి, మోచేయి తల కింద పెట్టుకుని, చిన్నగా గురక పెడుతున్నాడు. పట్టాల మీద ఒక బండి కూత వేసుకుంటూ పోయింది. అతను కదల్లేదు.

"గిన్ని రోజులకు పగటిపూట కన్ను మలిగింది ఆంటీ," అంది సునీత గుసగుసగా. "లోపలికి రాండ్రి, తాతను చూస్తరా?"

సంచి పట్టీ మీద నా చెయ్యి బిగిసి ఉంది. లోపలికి పోయి పొట్ట కింద ఒక్కసారి చూడాలని నా కాళ్ళు లాగుతున్నాయి.

"వద్దు బిడ్డా," అన్నాను. "ఇద్దర్ని పండుకోనీ."